ఉరుకుంద త్రోవలో

కర్నూలు మండలపు పడమటి కొసను, కన్నడ సీమ సరిహద్దున నున్న ఉరుకుంద పేరు మీలో పెక్కురు వినియే యుందురు. అచ్చట నరసింహస్వామి ఈరన్న యను పేర పూజ లందుకొనుచున్నాడు. శ్రావణమాసమున సోమవారములందును గురువారములందును ఆంధ్రప్రదేశ్, తెలంగాణము, కర్ణాటకముల నుండి జనులు తండోపతండములుగా వత్తురు. ఈ సీమలో ఇంటింట నొక ఈరన్నయో ఈరమ్మయో కనబడుట స్వామి యెడ జనులకు గల భక్తికి తార్కాణము.

మావారు ఈ ప్రాంతపు పల్లెలో నుపాధ్యాయులు. మొన్నటి శ్రావణమున మేమును కుటుంబముతో స్వామి దర్శనమునకు పోయితిమి. క్షేత్రమహిమను వ్రాయుటకు మాకంటె పెద్దలు గలరు. త్రోవలో మాకు దర్శనమిచ్చిన రైలు, అంగడి, కాలువ, మగ్గము అను నాలుగింటిని గూర్చియే మేమిచ్చట ముచ్చటింప దలచితిమి. ఇవి యీ సీమ నెట్లు పెంచినవో, ఎవరిని వెనుక విడిచినవో యరయుట గృహిణులకు తగని పని కాదు.

గుంతకల్లున రైలెక్కి ఆదవానిలో దిగితిమి. దీనినే ఇప్పుడు ఆదోని యందురు. ఊరి నానుకొని కొండలపై పురాతన దుర్గము కలదు. విజయనగర ప్రభువులును, బిజాపురపు సుల్తానులును దీనికై పోరాడిరి. అయినను నేటి యాదవానిని పెంచినది కోట కాదు, ఇనుపదారి. మదరాసు నుండి వచ్చిన రైలుదారియు, బొంబాయి నుండి వచ్చిన రైలుదారియు 1871లో తుంగభద్ర కావల నున్న రాయచూరు వద్ద కలిసినవి. అంతకు పూర్వము ఈ నల్లరేగడిలో పండిన పత్తి యెడ్లబండ్లమీదను, పెరికెయెడ్లమీదను సాగిపోవలసి యుండెను. రేగడి నేలలో నొక మంచివాన కురిసెనా, బండి యిరుసుదాక దిగబడును. 1861 మొదలు 1865 వరకు అమెరికాలో జరిగిన యంతర్యుద్ధముచే ఇంగ్లండు మిల్లులకు దూది కరవై, మన దేశపు పత్తికి ధర పెరిగెను. మన చేని పంటకు సముద్రముల కావల వెల కట్టబడునని రైతునకు తెలిసినది ఆ కాలముననే. రైలు వచ్చిన పిదప ఆ బంధము మరింత బిగిసెను. గింజ తీయు మిల్లులు, నూనెమిల్లులు లేచినవి, ఊరు పెరిగెను.

ఆదవాని మార్కెట్టు యార్డు పత్తికిని, వేరుసెనగకును, ఆముదాలకును పేరుపడినది. పత్తి రాక దసరా తరువాత గాని హెచ్చదు గనుక మేము పోయిననాడు సందడి తక్కువగా నుండెను. ఒక మూల నడివయస్సు స్త్రీ యొకతె వేరుసెనగ చెరుగుచుండగా, "ఈ రాశి యెవరిదమ్మా?" అని యడిగితిమి. ఆమె చేయి యాపకయే, "ఎవురిదైతే ఏమక్కా, మాది చాట ఒగటే" అని నవ్వెను. ఆ మాట యాత్ర పొడవునను మా చెవులలో మెదలుచుండెను.

రైలు వచ్చిన యయిదేండ్లకే, ధాత నామ సంవత్సరమున, ఈ సీమను మహాక్షామము క్రమ్మెను. 1876 మొదలు 1878 వరకు బళ్లారి, కర్నూలు మండలములలో జనులు లెక్కకు మీరి చనిపోయిరి. ఆదవాని యప్పుడు బళ్లారి మండలములోనిది. 1953లో ఆంధ్రరాష్ట్ర మేర్పడినపుడు గాని కర్నూలులో చేరలేదు. రైలు ధాన్యపు బస్తాలను తెచ్చి దింపెను, నిజమే. కాని చేను ఎండి కూలి పోయినవాని చేత కాసు లేదు. బండి గింజలను తేగలదు గాని, వానిని కొను శక్తిని తేజాలదు గదా!

ఆదవాని నుండి కౌతాళము మీదుగా బస్సులో ఉరుకుంద చేరితిమి. గుడి యొద్ద తెలుగును కన్నడమును కలగలిసి వినబడుచుండును. యాత్రికులు ఆరుబయట పొయ్యిలు పెట్టి వంటలు చేసి స్వామికి నివేదింతురు. సమీపమున పారు తుంగభద్ర దిగువ కాలువలో స్నానము లాడుదురు. ఆ కాలువ గట్టున నిలిచినపుడు మాకు కలిగిన సంతోష మింతింత గాదు. హోసపేట దాపున తుంగభద్రానదిపై ఆనకట్టకు 1945లో శంకుస్థాపన జరిగి, 1953లో కాలువలకు నీరు విడిచిరి. ఆ నీరే బళ్లారి సీమను దాటి యిచ్చటికి వచ్చుచున్నది. నీరందిన పొలము పచ్చగా నున్నది. అందని పొలము వాన కెదురు చూచుచున్నది. కాలువ మొదట నున్నవారి కందునంత నీరు చివర నున్నవారి కందుట లేదు. పంక్తి కొసను కూర్చున్నవారికి వడ్డన చేరుసరికి గిన్నె యడుగంటుట మనము వంటింట నెరుగనిది కాదు.

తిరుగుదారిలో ఎమ్మిగనూరు చూచితిమి. ఇది మగ్గముల యూరు. మాచాని సోమప్పగారు 1938లో ఇచ్చట చేనేతవారి సహకార సంఘమును స్థాపించిరి. అంతకుముందు నేతగాడు నూలు నప్పు తెచ్చుకొని, నేసిన బట్టను అప్పిచ్చినవానికే యతడు చెప్పిన ధరకు ఒప్పగింపవలసి వచ్చెడిది. సంఘము నూలిచ్చి, బట్టను తానే కొని, కూలి చెల్లించు పద్ధతి పెట్టెను. ఇచ్చటి దుప్పట్లును తువాళ్లును దూరదేశములకు పోయినవి. నేడు మరమగ్గముల పోటీచే ఆ వైభవము తగ్గినది. అయినను పనిచేయు చేతులు కూడి సంఘముగా నిలిచినపుడు చాట పట్టినవారికిని రాశిలో వాటా కలుగునని యీ యూరు ఒకనాడు చూపినది. మగ్గముపై కూర్చున్నవాని పేరే లోకమునకు తెలియును గాని, ఇంట కండెలు చుట్టిన యిల్లాలి చేయి లేనిదే ఆ మగ్గ మాడదు.

ఇక మా మనస్సును కలచునది చెప్పుదుము. దసరా దీపావళులు గడచి మెట్టపంట యింటికి చేరగనే కౌతాళము, కోసిగి, మంత్రాలయము వైపు పల్లెలలో ఇండ్లకు తాళములు పడును. కుటుంబములు "సుగ్గికి" పోవును. పత్తి తీయుటకును మిరపకాయలు కోయుటకును గుంటూరు దిక్కునకు, తెలంగాణమునకు వలసపోవుటనే యిచ్చట సుగ్గి యందురు. యాత్రికులను తెచ్చిన త్రోవయే యీ జనులను కొనిపోవును. పిల్లలును వెంట పోవుదురు. మావారు హాజరు పిలుచునపుడు "ఈరన్నా!" యన్న పలుకు లేదు, "ఈరమ్మా!" యన్న పలుకు లేదు. వలసపోవువారి పిల్లలకై ప్రభుత్వమువారు తాత్కాలిక వసతిగృహములు నడుపుచున్నారు. కాని చంటిబిడ్డ నెత్తుకొనుటకు ఆడపిల్ల కావలెనని తల్లి తలచినచో, ఆ పిల్ల చేనిగట్టుననే పెరుగును. వేసవిలో తిరిగివచ్చిన పిమ్మట కొందరు మరల బడి గడప త్రొక్కరు.

రైలు, కాలువ, అంగడి యెంత దూరము సాగినవని లెక్కించుట సులభము. అవి యెవరి యింటిదాక వచ్చినవని యడుగుట మన పని. మిరప చేలున్న యూళ్ల సోదరీమణులకు మాదొక విన్నపము. మీ పొలమునకు వచ్చిన కూలితల్లి ప్రక్కన పిల్ల కనబడినచో, "ఏ తరగతి యమ్మా?" అని యొక్కమారు అడుగుడు. 2009 నాటి విద్యాహక్కు చట్టము ప్రకారము, బదిలీ పత్రము చేతికి రాలేదను కారణమున ఏ ప్రభుత్వ పాఠశాలయు బిడ్డను చేర్చుకొనకుండరాదు. ఈ సంగతి ఆ తల్లికి తెలియకపోవచ్చును. మీరు చెప్పి, వీలైనచో ఆ బిడ్డను మీ యూరి బడిదాక తోడ్కొనిపోయి దిగవిడువుడు. ఆ మూడు నాలుగు నెలల చదువు నిలిచినచో, తిరిగివచ్చిన యీరమ్మ తన తరగతిలోనే కూర్చుండగలదు.