రాగిరేకులకు గొంతు

ధర్మవరమునుండి పాకాలకు పోవు రైలుదారిలో మా ముదిగుబ్బ ఒక స్టేషను. నా చిన్ననాడు అది మీటరుగేజి దారి. తిరుపతి యాత్రికులు ఆ బండిలో కిక్కిరిసి కూర్చుండి, తెల్లవారువరకు పాడుచుండెడివారు. మా అవ్వ ఒడిలో తల పెట్టుకొని నేను ఆ పాటలు వినుచు నిద్రపోయెడివాడను. వానిలో కొన్ని అన్నమయ్య కీర్తనలని నాకు చాలకాలమునకుగాని తెలియలేదు. పాట యనగా గాలివలె ఎప్పుడును ఉండునదే యని నా తలంపు. దాని వరుసను కూర్చినవాడొకడుండునని పసివానికి తోచునా?

పెద్దవాడనై, తెలుగు పండిత పరీక్షలో తేరి, ఉపాధ్యాయుడనైతిని. ఒకనాడు తరగతిలో అన్నమాచార్య కీర్తన యొకటి చెప్పుచుంటిని. పల్లవి యిది, చరణము లివి యని వివరించితిని. ప్రతిపదార్థము చెప్పితిని. మూడవ వరుసలో కూర్చున్న బాలుడొకడు లేచి, "సార్, పాట అంటిరే, మరి పాడకుండా చదువుతాండారేమి?" అని యడిగెను. తరగతి యంతయు నవ్వెను. నేను "కూర్చో" మని గద్దించితిని.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. బాలుని ప్రశ్నలో తప్పు లేదు. నాకు పాడ రాకుండుటయే తప్పు. ఈ కీర్తనలకు వరుసలు ఎక్కడనుండి వచ్చినవో కూడ నేనెన్నడు విచారించి యుండలేదు.

విచారింపగా తెలిసినది యిది. తాళ్లపాక అన్నమాచార్యులు 1408లో జన్మించి 1503లో పరమపదించిరి. వారి కీర్తనలను రాగిరేకులపై చెక్కించి తిరుమల ఆలయములోని ఒక చిన్న గదిలో భద్రపఱచిరి. 1922లో అవి వెలుగు చూచినవి. రేకులపై ప్రతి కీర్తనకును మీద రాగము పేరు, క్రింద సాహిత్యము కలవు. స్వరములు మాత్రము లేవు. మాట నిలిచినది, పాట పోయినది.

పాశ్చాత్య దేశములలో పద్ధతి వేరు. జర్మనీ దేశీయుడగు బీథోవెన్ (1770-1827) ఒక్క పియానో వాద్యమునకే ముప్పదిరెండు సొనాటాలు కూర్చి, వాని స్వరములన్నియు కాగితముపై వ్రాసి యుంచెను. చెవులు వినబడకుండ పోయినను కూర్చుట మానలేదు. నేడు ఏ దేశపు పియానో విద్వాంసుడైనను ఆ కాగితము ఎదుట నుంచుకొని అవే స్వరములు పలికింపగలడు. మనకట్టి కాగితము లేదు. గురువు నోటినుండి శిష్యుని చెవికి పోవు విద్య మనది. ఆ త్రోవ ఒకచోట తెగినదా, ఇక రాగము పేరే మిగులును. ఆ పేరుగల రాగమైనను నాలుగైదు వందల యేండ్లలో నడక మార్చుకొని యుండవచ్చును. కొన్ని రాగములు వాడుకలోనే లేకుండ పోయినవి.

ఈ మూగ రేకులకు గొంతు నిచ్చినవారిలో ముఖ్యులు మన కరవుసీమవారే యని తెలిసినప్పుడు నేను పొందిన యానంద మింతంత కాదు. శ్రీ రాళ్లపల్లి అనంతకృష్ణశర్మగారు 1893 జనవరి 23వ తేదీన అనంతపురము జిల్లాలో కంబదూరు సమీపమున నున్న రాళ్లపల్లిలో జన్మించిరి. ఊరి పేరులోనే రాళ్లున్నవి. ఆ నేల యెట్టిదో వేరుగ చెప్పనక్కఱలేదు. తండ్రి కృష్ణమాచార్యులవారి కడ సంస్కృతాంధ్రములు, తల్లి అలమేలుమంగమ్మగారి కడ పాటలు నేర్చిరి. పిమ్మట మైసూరు చేరి, బిడారం కృష్ణప్పగారికి శిష్యులై సంగీత మభ్యసించిరి. ఏడు తంత్రుల వయొలిన్ వాయించిన చౌడయ్యగారును ఆ గురువు శిష్యులే. కట్టమంచి రామలింగారెడ్డిగారి ప్రోత్సాహమున 1912లో మహారాజా కళాశాలలో తెలుగు బోధింప నారంభించి, 1949 వరకు ఆ పనియందే యుండిరి. వేమనను గూర్చి వారు చేసిన ఉపన్యాసములు గ్రంథముగా వెలువడినవి. జాయపసేనాని నృత్తరత్నావళిని తెలుగు చేసిరి.

తక్కినవారు విశ్రాంతి కోరు వయసులో వారు తిరుపతి పనికి పూనుకొనిరి. కీర్తనలను పరిష్కరించుచుండిన వేటూరి ప్రభాకరశాస్త్రిగారు 1950లో గతింపగా, ఆ భారము శర్మగారిపై పడెను. పాఠము సరిచూచుట పండితుని పని, వరుస కూర్చుట గాయకుని పని. రెండును ఎఱిగినవారు కావుననే, మాట విఱుగక, భావము చెదరక, రాగములో ఇముడునట్లు అనేక కీర్తనలకు స్వరము కూర్చిరి. ఇది అన్నమయ్య పాడిన వరుస కాదు గదా యని యాక్షేపించువారు కలరు. నిజమే, ఆ వరుస నెఱిగినవా రెవ్వరు? ఊరకుండిన రేకులు రేకులుగనే యుండెడివి. మద్రాసు సంగీత అకాడమి 1974లో వారికి సంగీతకళానిధి బిరుదు నొసగెను. 1979 మార్చి 11వ తేదీన వారు కీర్తిశేషులైరి.

స్వరములతో అచ్చైన కీర్తనల సంపుట మొకటి తెప్పించుకొంటిని. మా పాఠశాలలో పాత హార్మోనియ మొకటి యుండెను. దాని తిత్తికి చిల్లులు. మెట్లలో నొకటి యెంత నొక్కినను పలుకదు. సాయంకాలము పిల్లలు పోయిన పిదప తలుపు మూసికొని ఆఱు నెలలు తంటాలు పడితిని. నా గొంతు మంచిది కాదు. ఆ మాట నా భార్య మొదటిదినముననే చెప్పినది.

తుదకు ఒకనాడు హార్మోనియమును తరగతికి మోయించుకొని వచ్చితిని. మూడవ వరుసలో ఆ బాలుని చోటు ఖాళీగ నుండెను. ఆ యేడు వానలు లేవు. వేరుసెనగ పైరు ఎండిపోగా, వాని తండ్రి కుటుంబముతో బెంగుళూరికి కూలికి పోయెను. హాజరుపట్టీలో వాని పేరు కొట్టివేయుటకు నాకింకను చేయి రాలేదు.

అయినను పాడితిని. పల్లవి రెండుమాఱులు కాగానే పిల్లలందుకొనిరి. పలుకని మెట్టు వచ్చినపుడెల్ల హార్మోనియము మూగవోవుచుండెను. ఆ స్వరమును వారే గొంతెత్తి పలికిరి.