అడగకుండా వేసిన ముఖం

పెళ్లి ఆల్బమ్‌లు, ఫ్లెక్సీలు డిజైన్ చేసుకు బతికిన రోజుల్లో నా చేతికొచ్చిన ప్రతి ముఖాన్నీ తెల్లగా చేసేవాణ్ని. ఫోటోషాప్‌లో కర్వ్స్ కాస్త పైకి లాగితే చాలు, చేపల వేటకెళ్లొచ్చిన మనిషి ఏసీ గదిలో ఉద్యోగం చేసేవాడిలా తేలేవాడు. ఎవరూ వద్దనలేదు, ఇంకొంచెం పెంచమన్నవాళ్లే ఎక్కువ. సొంతంగా బొమ్మలు వెయ్యడం మొదలెట్టాక ఆ పనంటే రోత పుట్టింది. ఆ రోతే నాచేత అంతకంటే పెద్ద తప్పు చేయించింది.

మా డొంకూరు ఇచ్ఛాపురం మండలంలో సముద్రం ఒడ్డు ఊరు. ఇక్కడి వేట కడుపు నింపక కుర్రాళ్లు గుజరాత్‌లోని వెరావల్ దాకా పోయి బోట్ల మీద పనిచేస్తారు. అక్కణ్నుంచి ఇంటికి సెల్ఫీలు పంపుతారు. ఆ సెల్ఫీలు చూసి టాబ్లెట్ మీద వాళ్ల బొమ్మలు వెయ్యాలనుకున్నాను. ఫోనులో మనిషి వేరు, పడవ మీద మనిషి వేరు. ఆ తేడా పట్టుకుంటే నా పేరు నిలబడుతుందని ఆశ.

సెల్ఫీ ఎంత అబద్ధమాడుతుందో నాకు బాగా తెలుసు. బ్యూటీ మోడ్ చర్మం మీది గీతల్ని చెరిపేసి, నీడల్ని వెలిగిస్తుంది. చెయ్యి చాపినంత దూరంలో తీస్తే ముక్కు ఉబ్బుతుంది: అడుగు దూరంలో తీసిన ఫోటోలో మగవాళ్ల ముక్కు, ఐదడుగుల నుంచి తీసినదానికంటే సుమారు 30 శాతం వెడల్పుగా కనిపిస్తుందని 2018లో అమెరికా వైద్యులు లెక్కగట్టారు. ఒక్క ఫోన్లనే తిట్టడమూ అన్యాయమే. రంగుల ఫిలిం కాలంలో ల్యాబుల్లో రంగు సరిచూసుకోడానికి కొడాక్ పంపిన షిర్లీ కార్డుల మీద ఏళ్ల తరబడి తెల్ల అమ్మాయే ఉండేది.

ఇంత తెలిసినవాణ్ని గనక, ఫోను చేసిన మోసాన్ని దిద్దే బాధ్యత నాదేననుకున్నాను. మా వీధి కుర్రాడొకడి సెల్ఫీ తీసుకుని వాడి అసలు రంగు వేశాను. ముదురు గోధుమ దట్టంగా పూసి, కళ్ల కింద గీతలు, ఉప్పుగాలికి పగిలిన పెదాలు గీశాను. చిత్రకారుడు తోట వైకుంఠం గారు ఉమ్మడి కరీంనగర్ జిల్లా బూరుగుపల్లి ఆడవాళ్లని నల్లని ఒళ్లతోనే చూపించారు కదా, నేనూ అదే చేస్తున్నానని మురిసిపోయాను. ఆయన మనుషులు నుదుట పెద్ద బొట్టు, మెడలో నగలు, రంగురంగుల చీరలతో సింగారించుకుని ఉంటారన్న సంగతి అప్పుడు తట్టలేదు. నేను మాత్రం ఆ కుర్రాడి సింగారమంతా ఊడబెరికాను. మిగిలింది నిజమనుకున్నాను గానీ, అది నా జాలి.

అడక్కుండానే ఇన్‌స్టాగ్రామ్‌లో పెట్టేశాను. ఎక్కడెక్కడివాళ్లో మెచ్చుకున్నారు. రాత్రికి వెరావల్ నుంచి ఫోనొచ్చింది.

"సిన్నాన్నా, నన్నెందుకలగ ఏసీసినావు? ఆ మొకం రోజూ అద్దంలో సూత్తన్నాను గదా. మాయమ్మోళ్లు సమ్మందాలు సూత్తన్నారు."

కళ, నిజం అని ఏదో చెప్పబోయాను.

"నిజవేలే. అయితే మొకం నాది గదా?"

తీసేశాను. అప్పటికే ఊరి వాట్సాప్ గ్రూపుల్లో తిరుగుతోంది. ఒకప్పుడు తెల్లగా చేసినప్పుడైనా జనం అడిగితే చేశాను. ఈసారి ఎవరూ అడగలేదు.

జూన్‌లో పడమటి తీరంలో వేట ఆగగానే వాడు ఊరొచ్చాడు. మా వైపూ 14 దాకా నిషేధమే, పడవలన్నీ ఒడ్డునే. వాళ్లింటికెళ్లి, మళ్లీ వేస్తాను, నీకెలా కావాలో చెప్పమన్నాను. కొత్త చొక్కా, కూలింగ్ గ్లాసెస్ వేసుకుని వేపచెట్టు కింద కుర్చీలో కూర్చున్నాడు. ఎదురుగా కూర్చుని చూస్తే గానీ తెలియలేదు, నేను దట్టంగా పూసిన ఆ గోధుమ రంగు వాడి ఒంటి మీద ఎక్కడా లేదని. చెక్కిళ్ల మీద ఇటుక ఎరుపుంది. దవడ కింద, నీడ పడ్డ చోట, సన్నటి నీలం ఉంది. రంగు దగ్గర కాసేపు బేరమాడుకున్నాం. గీతలు ఉంచాలన్నాను, రెండు చాలన్నాడు. నీలం చూసి "ఇదేటి, దెబ్బ తగిలినట్టు?" అన్నాడు. ఆకాశం వెలుగని చెబితే నమ్మక, నా ఫోను లాక్కుని ముందు కెమెరాలో దవడ చూసుకున్నాడు. అందులో కనపడలేదు. అయినా పోనీలే, ఉండనీమన్నాడు.

పూర్తయ్యాక బొమ్మని ఫోటో తీసుకుని, నా కళ్లెదుటే దానికో ఫిల్టర్ తగిలించి డీపీగా పెట్టుకున్నాడు. అంత కష్టపడి పట్టుకున్న నీలం కాస్తా ఎగిరిపోయింది. ఎలాగుంది సిన్నాన్నా అన్నాడు. ఒళ్లు మండింది గానీ, బాగుందనే అన్నాను.