గేమ్ విండోలోనే ఆడండి

ఫుల్ స్క్రీన్‌లో ఆడితేనే గేమ్ స్పీడుగా ఉంటుందని మనవాళ్ళ నమ్మకం. ఒకప్పుడు నిజమే. విండోలో పెడితే ప్రతి ఫ్రేమునీ విండోస్ ఇంకోసారి కాపీ చేసుకుని డెస్క్‌టాప్‌తో కలిపేది. ఆ కాస్త ఆలస్యమే చిరాకు. విండోస్ 11కి 2022లో వచ్చిన అప్‌డేట్‌తో గ్రాఫిక్స్ సెట్టింగుల్లో విండోడ్ గేమ్స్ ఆప్టిమైజేషన్ అని ఒకటి చేరింది. ఆన్ చేస్తే డైరెక్ట్‌ఎక్స్ 10, 11 గేములకి ఆ కాపీ బాధ తప్పుతుంది.

నేను వట్లూరులో ఇంటి నుంచే పనిచేస్తాను. కరెంటు పోయి ల్యాప్‌టాప్ బ్యాటరీ మీద నడుస్తోందని ఫుల్ స్క్రీన్‌లో ఉంటే ఎలా తెలుస్తుంది? టైమూ కనపడదు. మూలన గడియారం కనిపిస్తుంటే పదకొండింటికైనా లేస్తాం. పొద్దున్నే స్టాండప్ కాల్ ఉంటుంది కదండీ! ఆల్ట్, ఎంటర్ కలిపి నొక్కి చూడండి, చాలా గేములు విండోలోకి వచ్చేస్తాయి.