తాతా? టాటానా?

కోతకొచ్చిన చేనునీ, కొండమీది కోటనీ ఒకటి చేసేవాళ్ళెవరైనా వుంటారా? వుంటారండీ! ఇంగ్లీషు ఒక్కటే విని పెరిగిన చెవికి మన ‘త’, ‘ట’ ఇంచుమించు ఒక్కలాగే వినిపిస్తాయి. ‘త’ అంటే మన నాలుక పళ్ళని తాకుతుంది. ‘ట’ అంటే పైకి మడతపడుతుంది. వాళ్ళది ఆ రెంటికీ మధ్య, చిగురు దగ్గర ఎక్కడో పలుకుతుంది.

ఈ తేడా చెవికి తెలుస్తోందో లేదో కొలిచినవాళ్ళున్నారు. జానెట్ వెర్కర్, రిచర్డ్ టీస్ అనే శాస్త్రజ్ఞులు కెనడాలోని వాంకూవర్‌లో పసిపిల్లలకి పరీక్ష పెట్టి, ఫలితాలు 1984లో ప్రకటించారు. మాటలు రాని బిడ్డని ‘‘తేడా తెలిసిందా నాయనా?’’ అని అడిగేదెలా? ఉపాయం చూడండి. బిడ్డ తల్లి ఒళ్ళో కూచుంటుంది. స్పీకర్లోంచి హిందీ ‘త, త, త’ వినిపిస్తూ, మధ్యలో ‘ట’ అవుతుంది. ఆ క్షణంలో బిడ్డ అటు తల తిప్పితే చీకటి పెట్టెలో దీపం వెలిగి బొమ్మ కదుల్తుంది. తల్లి తెలియకుండా సైగ చేస్తుందేమోనని ఆవిడ చెవులకి పాటలు తగిలిస్తారు!

ఇంగ్లీషు ఇళ్ళల్లో పుట్టిన 6–8 నెలల పిల్లలు దాదాపు అందరూ తేడా పట్టేశారట. 10–12 నెలల వాళ్ళలో పట్టినవాళ్ళు కొద్దిమందే. అదే ఈడు హిందీ ఇళ్ళ పిల్లలకి మాత్రం చక్కగా తెలుస్తోంది. చెవి పాడవలేదన్నమాట. ఇంట్లో వినబడని తేడాని మనసు వదిలేసిందంతే.

ఇది చదివినప్పట్నుంచీ నాకు మనసు మనసులో లేదు. అమెరికాలో మా తమ్ముడి పాపకి ఏడో నెల. స్కూల్లో కష్టపడకూడదని తమ్ముడూ మరదలూ దానితో ఇంగ్లీషే మాట్లాడుతున్నారు. ‘‘తెలుగుకేం తొందరక్కా, పెద్దయ్యాక నేర్పుతాం. వీడియోలు చూపిస్తూనే వున్నాంగా!’’ అంటాడు వాడు.

సియాటిల్‌లో పెట్రీషియా కూల్ బృందం 2003లో ప్రకటించిన సంగతి వాడికి చెప్పాను. 9 నెలల అమెరికా పిల్లలతో చైనీయులు ఎదురుగా కూచుని, 25 నిమిషాల చొప్పున 12 సార్లు ఆడుతూ కబుర్లు చెప్తే, ఆ భాషలోని తేడాలు వాళ్ళ చెవికి అందాయి. అవే కబుర్లు టీవీలో చూపిస్తే ఒక్కటీ అంటలేదు. పసివాళ్ళకి కావలసింది మనిషి!

సాధన చేస్తే పెద్దయ్యాకా కొంత పట్టుబడుతుందట, కాదనను. కానీ అంతవరకూ ఆగే తీరిక నాన్నగారికుందా? ఆయనకి డెబ్భై అయిదు దాటాయి. మోకాళ్ళు మొరాయిస్తున్నా, వచ్చే నెల ప్రయాణానికి అమ్మా ఆయనా ఒప్పుకున్నారు.

‘‘అక్కడేం చేస్తారు నాన్నా?’’ అనడిగాను.

‘‘ఒళ్ళో కూచోబెట్టుకుని వాగుతానే అమ్మాయ్! దాన్ని తాతా అని పిలవమనడం నా స్వార్థమే అనుకో. నన్ను చూసి టాటా చెప్తే మాత్రం వెనక్కి రాను!’’ అన్నారాయన.