అగ్నిగర్భ సీమలో ఒక పగలు

ఐస్‌లాండ్ ఉత్తర తీరంలో సముద్రం సుమారు 60 కిలోమీటర్ల మేర కొండల నడుమకు చొచ్చుకొని పోయింది. ఒకప్పుడు హిమానీనదం తొలిచిన లోయలోకి ఉప్పునీరు ప్రవేశించి ఎయ్యాఫ్యోర్దుర్ అనే పొడవైన సముద్రపు పాయ ఏర్పడింది. దాని కొసన ఉన్న పట్టణం అకురేరి. జనాభా ఇరవై వేలకు అటూ ఇటూ. ఉత్తర ధ్రువవృత్తం అక్కడికి వంద కిలోమీటర్ల దూరం మాత్రమే. వేసవిలో ఈ చిన్న రేవుకు విహారనౌకలు వస్తాయి. ఒక్కొక్క నౌకలో వేలమంది యాత్రికులుంటారు. ఓడ ఉదయం రేవుకు చేరి, సాయంత్రానికి లంగరెత్తుతుంది.

రేవులో బస్సులు వరుసగా నిలిచి ఉంటాయి. ప్రతి బస్సుకూ ఒక సంఖ్య, ఒక మార్గదర్శి. ఒక జలపాతాన్నీ, ఒక సరస్సునూ, గడ్డకట్టిన లావా శిలల వనాన్నీ, కుతకుత ఉడికే బురదగుంటలనూ చూపించి, ఎనిమిది గంటలలోగా అందరినీ లెక్క తప్పకుండా తిరిగి రేవుకు చేర్చడం ఆ మార్గదర్శి బాధ్యత. ప్రయాణం రానూపోనూ రెండువందల కిలోమీటర్లకు కొంచెం తక్కువ. చూడవలసిన వాటి వెనుక వేల సంవత్సరాల చరిత్ర ఉంది. చూడడానికి ప్రతిచోటా దొరికే వ్యవధి ముప్పావుగంట. ఈ పొంతన లేని లెక్కను సరిపెట్టడం మార్గదర్శికి నిత్యకృత్యం. ఏది చెప్పాలి, ఏది విడిచిపెట్టాలి అన్నదే ఆ వృత్తిలోని విద్య.

పట్టణం దాటగానే వాద్లహేది కొండ అడ్డువస్తుంది. 2018 డిసెంబరులో దాని కింద ఏడున్నర కిలోమీటర్ల సొరంగమార్గం తెరిచారు. యాత్రికులు దానిని ఐదారు నిమిషాలలో దాటి, పూర్తయిందని తెలిశాక మరచిపోతారు. కాని దాని నిర్మాణకథ వినదగినది. కొండకు పడమటి వైపు నుండి తవ్వుతున్నవారికి 2014లో వేడినీటి ఊట తగిలింది. లోపల ఆవిరీ ఉక్కా పెరిగి మనుషులు పనిచేయడమే కష్టమైంది. తూర్పు వైపు నుండి తవ్వుతుంటే మరుసటి ఏడు చల్లని నీరు వెల్లువై సొరంగాన్ని ముంచివేసింది. ఒకే కొండ ఒక చెంప మరుగుతూ, మరొక చెంప గడ్డకడుతూ ఉన్నదన్నమాట. ముందు కనబడబోయే సీమకు ఇంతకంటె తగిన ప్రవేశిక దొరకదు.

సొరంగం దాటిన కొద్దిసేపటికే గోదాఫోస్ జలపాతం. పేరుకు ‘దేవతల జలపాతం’ అని అర్థం చెబుతారు. స్క్యాల్ఫందాఫ్ల్యోత్ అనే నది వత్నాయోకుల్ హిమానీనదపు అంచున పుట్టి, లావా మైదానాల మీదుగా ప్రవహించి ఇక్కడ అర్ధచంద్రాకారంలో కిందికి దూకుతుంది. ఎత్తు 12 మీటర్లు, వెడల్పు 30 మీటర్లు. ఎత్తులో చూస్తే గొప్ప జలపాతం కాదు. మన కుంతాల ఇంతకంటె ఎన్నో రెట్లు ఎత్తైనది. అయినా ఐస్‌లాండ్ చరిత్రలో ఈ నీటికున్న స్థానం పెద్దది.

క్రీ.శ. 1000 ప్రాంతంలో ఆ దేశం రెండుగా చీలబోయింది. ప్రాచీన దేవతలను కొలిచేవారు ఒకవైపు, క్రైస్తవాన్ని స్వీకరించినవారు మరొకవైపు. వెనుక నార్వే రాజు ఒత్తిడి. ‘ఆల్థింగ్’ అనే జాతీయసభలో ఇరుపక్షాలూ ఒకరి శాసనాన్ని ఒకరు పాటించబోమని ప్రకటించుకొనే దాకా వచ్చింది. అప్పుడు నిర్ణయభారాన్ని థోర్గీర్ అనే ధర్మవక్తపై పెట్టారు. అతడు ఈ జలపాత ప్రాంతపు నాయకుడు, ప్రాచీన మతస్థుడు. పన్నెండవ శతాబ్దికి చెందిన చరిత్రకారుడు ఆరి రాసిన ప్రకారం, థోర్గీర్ ఒక పగలూ ఒక రాత్రీ దుప్పటి కప్పుకొని ఎవరితోనూ మాట్లాడకుండా పడుకున్నాడు. లేచి వచ్చి, చట్టం రెండైతే శాంతి కూడా ముక్కలవుతుందని సభకు నచ్చజెప్పి, అందరూ క్రైస్తవాన్ని స్వీకరించాలని తీర్పు చెప్పాడు. పాత ఆచారాలలో కొన్నింటిని కొంతకాలం పాటు చాటుగా పాటించుకోవడానికి సడలింపు ఇచ్చాడు. రక్తపాతం లేకుండా ఒక దేశం మతం మారింది. తన తీర్పు తన దైవాలకే వ్యతిరేకంగా వచ్చింది. అతడు ఇంటికి తిరిగివచ్చి ఆ విగ్రహాలను ఈ ప్రవాహంలో విసిరివేశాడని జనశ్రుతి. ఆరి గ్రంథంలో ఈ విసరడం లేదు. అయినా మార్గదర్శులు దీనినే ముందుగా చెబుతారు, శ్రోతలు దీనినే గుర్తుంచుకొంటారు. నిజానికి ఆ దుప్పటి కిందనే కథ అంతా ఉంది. అక్కడ చూడడానికి ఏమీ లేదు కనుక ఛాయాచిత్రానికి అందదు.

అక్కడినుండి బస్సు మీవత్న్ సరస్సు చేరుతుంది. వైశాల్యం 37 చదరపు కిలోమీటర్లు. సగటు లోతు రెండున్నర మీటర్లే. సుమారు 2,300 సంవత్సరాల క్రితం లావా పొంగి వచ్చి నీటికి అడ్డుకట్ట వేయగా ఇప్పటి సరస్సు రూపొందింది. దక్షిణపు ఒడ్డున స్కూతుస్తాదిర్ వద్ద పచ్చికతో కప్పబడిన గుండ్రని గుట్టలు, వాటి నడినెత్తిన పళ్లెంలాంటి గుంటలు కనిపిస్తాయి. చూసినవారు ఇవన్నీ చిన్న చిన్న అగ్నిపర్వతాలనుకుంటారు. కాని వీటికి పాతాళంతో సంబంధం లేదు. మండుతున్న లావా చిత్తడి నేల మీదుగా పారినప్పుడు అడుగున చిక్కిన నీరు ఒక్కసారిగా ఆవిరై, పైనున్న లావాను చీల్చుకొని పేలింది. ఆ పేలుళ్ల గుర్తులే ఇవి. వేరు లేని ఈ బిలాలను శాస్త్రజ్ఞులు మిథ్యాబిలాలంటారు.

‘మీవత్న్’ అంటే ‘దోమల సరస్సు’. బస్సు దిగీ దిగకముందే ఆ పేరు సార్థకమవుతుంది. ఎండ కాచే రోజున ఒడ్డు మీద నల్లని పొగ లేచినట్లు చిన్న కీటకాలు గుంపులు గుంపులుగా ముసురుతాయి. యాత్రికులు విసుక్కొని తలలకు వలలు తగిలించుకొంటారు. వీటిలో అత్యధికం కుట్టవు, ముక్కులోకీ చెవిలోకీ దూరి చికాకు పెడతాయి, అంతే. సరస్సు అడుగున ఉండే వీటి పిల్లపురుగులే చేపలకూ బాతులకూ ఆహారం. చచ్చి ఒడ్డున రాలిన కీటకాలే పచ్చికకు ఎరువు. విదిలించి పారవేస్తున్న ఆ పురుగే లేకపోతే, దుర్భిణిలో చూడడానికి తహతహలాడుతున్న బాతు కూడా అక్కడ ఉండదు. బారో గోల్డెనై అనే బాతు ఐరోపా అంతటిలో ఐస్‌లాండ్‌లో మాత్రమే, అందులోనూ ప్రధానంగా ఈ సరస్సు పరిసరాలలోనే పిల్లలను పొదుగుతుంది.

ఇక్కడి రైతులు తరతరాలుగా బాతుగుడ్లను ఏరుకొని తింటున్నారు. అయితే దానికొక కట్టుబాటు ఉంది. ప్రతి గూటిలో కనీసం నాలుగు గుడ్లు విడిచిపెట్టాలి. పురావస్తు త్రవ్వకాలలో ఈ ప్రాంతపు తొలినాటి నివాసాల చెత్తకుప్పలలో బాతుగుడ్ల పెంకులు విస్తారంగా బయటపడ్డాయి, బాతుల ఎముకలు మాత్రం స్వల్పం. అంటే గుడ్డు తిన్నారు కాని పక్షిని మిగిల్చారు. ఏ శాసనమూ లేని కాలంలో, చలికి పంటలు పండని చోట, ఆకలిగొన్న మనుషులు చేసుకున్న ఏర్పాటు ఇది. వేయేళ్లకు పైగా చెల్లుబాటైంది.

తూర్పు ఒడ్డున దిమ్ముబోర్గిర్, అంటే ‘చీకటి కోటలు’. లావా ఒక మడుగులా నిలిచి పైన గడ్డకడుతూండగా, కిందినుండి ఆవిరి చొచ్చుకువచ్చిన చోట్ల స్తంభాలు గట్టిపడ్డాయి. తరువాత మడుగుకు గండిపడి లోపలి లావా పారిపోయింది. స్తంభాలు, కమానులు, గుహలు నిలిచిపోయాయి. ఆ నల్లరాయిని చూస్తే తెలుగు విద్యార్థికి కొత్త అనిపించనక్కరలేదు. ఆదిలాబాద్, వికారాబాద్ ప్రాంతాల నల్లరేగడికి తల్లి అయిన శిల కూడా గడ్డకట్టిన లావాయే. రాజమహేంద్రవరం పరిసరాలలోనూ అటువంటి శిల ఉంది. భేదం వయస్సులో ఉంది. మనది సుమారు ఆరున్నర కోట్ల ఏళ్ల నాటిది, చల్లారి, చివికి, పత్తి పండించే మన్నైంది. మీవత్న్ లావాపై నాచు పట్టడానికే శతాబ్దాలు పడుతుంది. దారి తప్పిన ఒక్క పాదం తొక్కిన నాచు మళ్లీ కోలుకోవడానికి ఎన్నో ఏళ్లు పడుతుంది. అందుకే కాలిబాట పక్కన మోకాలెత్తున తాడు కట్టి ఉంటుంది. దాటడం ఏమంత కష్టం కాదు. మంచి ఛాయాచిత్రం కోసం దాటేవారు ప్రతి బస్సులోనూ ఒకరిద్దరుంటారు.

సరస్సుకు ఈశాన్యాన ఉన్నది నామస్కార్ద్. అక్షరాలలో చూస్తే తెలుగు కంటికి నమస్కారమే స్ఫురిస్తుంది. దాని అర్థం మాత్రం ‘గనుల కనుమ’. పూర్వం ఇక్కడ గంధకం తవ్వి, తుపాకిమందు కోసం డెన్మార్క్‌కు పంపేవారు. నేల పసుపు, ఎరుపు, బూడిద రంగులలో పొట్టు రాలుతూ ఉంటుంది. కుళ్లిన గుడ్ల కంపు కొడుతుంది. బురదగుంటలు ముద్దపప్పు ఉడికినట్లు బుడబుడలాడతాయి. పైపొర పలచన, కింద మరిగే బురద. ఇక్కడి తాడు నాచు కోసం కాదు, మనిషి కోసం.

ఈ నిప్పు గతించిన కథ కాదు. 1724 నుండి 1729 వరకు సమీపంలోని క్రాఫ్లా ప్రాంతం మండింది. రేక్యాహ్లీద్ గ్రామాన్ని లావా కబళించింది. చర్చిని మాత్రం రెండువైపులా చుట్టి విడిచిపెట్టింది. నేడున్న చర్చి తరువాతి కాలంలో కట్టినది. 1975 డిసెంబరు నుండి 1984 వరకు క్రాఫ్లా మళ్లీ తొమ్మిదిసార్లు లావా చిమ్మింది. భూగర్భోష్ణంతో పనిచేసే విద్యుత్ కేంద్రాన్ని సరిగ్గా అదే సమయంలో అక్కడ నిర్మిస్తున్నారు. 1977 సెప్టెంబరులో వేడినీటి కోసం తవ్విన ఒక బోరుబావి గుండా లావా తునకలు పైకి ఎగజిమ్మాయి. నిర్మాణం ఆగలేదు. 2009లో మరొక బావి తవ్వుతూండగా సుమారు రెండు కిలోమీటర్ల లోతున కరిగిన శిలయే తగిలింది. అమెరికా, యూరేషియా భూఫలకాలు ఏడాదికి రెండు సెంటీమీటర్ల చొప్పున ఎడమయ్యే సరిహద్దు ఇదే. ఇంత జరిగే చోట స్థానికులు వేడినేలలో గుంట తీసి, రై పిండిని పాత్రలో పెట్టి, ఒక రోజంతా పాతిపెట్టి రొట్టె కాలుస్తారు. మధ్యాహ్నభోజనంలో యాత్రికులు ఆ రొట్టెను మెచ్చుకొంటారు.

తిరుగు ప్రయాణంలో బస్సు సరస్సుకు పడమటి వైపుగా వచ్చి లక్సా నదిని దాటుతుంది. సరస్సు నీరు నదిగా బయటికి పోయే చోటు అది. సాధారణంగా అక్కడ బస్సు ఆగదు. తిన్న భోజనం, తిరిగిన అలసట, కిటికీలోంచి పడే ఎండ కలిసి యాత్రికులలో సగం మంది కునికిపాట్లు పడుతూ ఉంటారు. మార్గదర్శి కూడా ఆ వేళకు మాట తగ్గిస్తుంది. ఈ యాత్రలో విడువకుండా చెప్పవలసిన కథ ఏదైనా ఉంటే, అది ఇక్కడిదే.

1960ల చివర లక్సా మీద ఎత్తైన ఆనకట్ట కట్టి విద్యుదుత్పత్తిని బాగా పెంచాలని ఒక ప్రణాళిక సిద్ధమైంది. కరెంటు కావలసినది ముఖ్యంగా అకురేరి పట్టణానికి, అంటే ఉదయం ఓడ ఆగిన ఊరికే. పట్టణ అవసరం కల్పితం కాదు. కాని ఆనకట్ట లేస్తే లక్సా లోయలోని పొలాలు మునుగుతాయి. సరస్సు నీటిమట్టంతో ముడిపడిన చేప, బాతు, గడ్డి అన్నీ మారిపోతాయి. రైతులు విన్నపాలు పంపారు, సమావేశాలు పెట్టారు, అకురేరి దాకా వాహనాలలో ఊరేగింపుగా వెళ్లారు. పని ఆగలేదు. 1970 ఆగస్టు 25 రాత్రి వారు సరస్సు ముఖద్వారం వద్ద అంతకు ముందే కట్టి ఉన్న ఒక చిన్న ఆనకట్టను డైనమైటుతో పేల్చివేశారు. ప్రాణనష్టం జరగలేదు. మర్నాడు విచారణ మొదలైంది. ‘ఈ పని మేమే చేశాం’ అని వందమందికి పైగా ముందుకు వచ్చి సంతకాలు చేశారు. వత్తి వెలిగించిన చేయి ఎవరిదో ఆ సంతకాల గుంపులో కలిసిపోయింది.

చేసినది చట్టం దృష్టిలో నేరమే, సందేహం లేదు. అలాగని దానిని మూర్ఖుల ఆగ్రహంగా కొట్టివేయడమూ న్యాయం కాదు. గూటిలో నాలుగు గుడ్లు మిగల్చడం తెలిసిన వారి వారసులు వారు. సరస్సు తమ ఒక్క తరానికి చెందినది కాదన్న ఎరుక వారికి పుస్తకాలనుండి రాలేదు. పెద్ద ఆనకట్ట ఆలోచన విరమించారు. 1974లో మీవత్న్, లక్సా ప్రాంత సంరక్షణకు ప్రత్యేక చట్టం వచ్చింది.

అంతటితో అన్నీ చక్కబడ్డాయని కాదు. సరస్సు అడుగున పేరుకొన్న సూక్ష్మజీవుల పెంకుల మట్టిని తోడి, ఆరబెట్టి అమ్మే కర్మాగారం ఒకటి 1960ల చివరనుండి 2004 వరకు నడిచింది. అది సరస్సుకు చేటు అన్నవారూ ఆ ఊరివారే, దానిలో జీతం తీసుకొని పిల్లలను చదివించుకొన్నవారూ ఆ ఊరివారే. అది మూతపడ్డాక పోయిన పనులకు బదులు కొంతవరకైనా దొరికినది ఈ బస్సులలో వచ్చేవారి వల్లనే. ఆ బస్సు నడిపే మనిషి, రొట్టె కాల్చే మనిషి, తాడు కట్టే మనిషి అందరూ యాత్రికుడి రాకను కోరుకొంటారు. అతడు తాడు దాటకూడదనీ కోరుకొంటారు.

లక్సా అక్కడ చిన్న చిన్న లంకల మధ్య పాయలుగా చీలి, నురగలు కక్కుతూ వేగంగా పారుతుంది. హార్లెక్విన్ జాతి బాతులు ఆ వడిలో ఎదురీదుతూ మేత వెతుకుతాయి. బస్సు వేగం తగ్గకుండానే వంతెన దాటుతుంది. మెలకువగా ఉండి ఎడమవైపో కుడివైపో చూస్తున్నవారికి తెల్లని నురగ మీద నీలం, ఇటుక రంగులు ఒక్క క్షణం కనబడతాయి.