జబర్దస్త్ వేణు - ఒక నల్లి బొక్క కథ

టీవీలో కామెడీ చేసేవాళ్ళంటే మన జనానికి ఎందుకో చిన్నచూపు. పడీ పడీ నవ్వుతాం, యూట్యూబ్‌లో మళ్ళీ పెట్టుకుని చూస్తాం, కానీ "వాడు జబర్దస్త్ వాడురా" అన్నప్పుడు ఆ మాటలో మర్యాద ఉండదు. అందుకే వేణు యెల్దండి గురించి నాలుగు ముక్కలు రాద్దామనిపించింది.

ఈటీవీలో జబర్దస్త్ 2013 ఫిబ్రవరి 7న మొదలైంది. గురువారం రాత్రి తొమ్మిదిన్నరకి. నాగబాబు, రోజా జడ్జీలు, అనసూయ యాంకర్. నేనప్పుడు బుక్కరాయసముద్రంలో హైస్కూలు కుర్రాణ్ణి. శుక్రవారం పొద్దున క్లాసులో పాఠాలకన్నా ముందు ఆ పంచులే నడిచేవి. మొదటి టీముల్లో 'వేణు వండర్స్' ఒకటి. సిరిసిల్ల నుంచి వచ్చిన ఈ వేణు అప్పటికే 2007లో 'మున్నా' సినిమాలో టిల్లుగా కనిపించి, 'టిల్లు వేణు' అయిపోయారు.

ఈ ఉద్యోగం ఎలాంటిదో మా సాఫ్ట్‌వేర్ వాళ్ళకి చెప్పడం సులువు. వారం వారం రిలీజ్ అన్నమాట. పది నిమిషాల్లో జనాన్ని నవ్వించాలి. నవ్వు రాకపోతే అక్కడికక్కడే తెలిసిపోతుంది, తర్వాత ప్యాచ్ వేసుకునే అవకాశం లేదు :). ఈ హడావుడిలో ఎవరైనా దొడ్డిదారే వెతుక్కుంటారు. చీర కట్టిన మగాడు, లావుగా ఉన్నవాడు, నల్లగా ఉన్నవాడు, మొగుణ్ణి తిట్టే పెళ్ళాం... ఇవి ఎప్పుడూ రెడీ సరుకే.

యాసలదీ అదే గతి. స్కిట్లలో, సినిమాల్లో సీమ యాస వినబడిందంటే వెనకాల సుమోలు, బాంబులు, తొడకొట్టడాలు రావాల్సిందే. మా ఊళ్ళో అయితే సుమోల చప్పుడుకన్నా బోరు బండి చప్పుడే ఎక్కువ. బుక్కరాయల పేరు మీద 14వ శతాబ్దంలో కట్టిన చెరువు పక్కనే ఉండి కూడా, చెనిక్కాయ వేసి మబ్బుల వైపు చూసే జనం మేము. మా మాటతీరులో జోకులున్నాయి, ఏడుపులున్నాయి. అవేవీ టీవీకి అక్కర్లేదు.

ఇక అసలు విషయానికొస్తే, 2023 మార్చి 3న 'బలగం' వచ్చింది. రచన, దర్శకత్వం వేణు. కొమురయ్య అనే ముసలాయన చనిపోతాడు. పిండం పెడితే కాకి ముట్టదు. ఇరవయ్యేళ్ళ కింద ఒక నల్లి బొక్క దగ్గర మొదలైన పట్టింపుతో అల్లుడూ కూతురూ ఆ ఇంటికి దూరమయ్యారు. కథంతా ఇంతే. తెలంగాణ పల్లెల్లో తెరలు కట్టుకుని ఊరంతా కూర్చుని చూశారు. అందులోని 'ఊరు పల్లెటూరు' పాటకి కాసర్ల శ్యామ్‌కి జాతీయ అవార్డు వచ్చినట్టు 2025 ఆగస్టులో ప్రకటించారు.

"దిల్ రాజు బ్యానర్ కదా, ఎవరు తీసినా ఆడేది" అనేవాళ్ళు ఉంటారు. నేనొప్పుకోను. బ్యానర్ డబ్బులిస్తుంది, థియేటర్లిస్తుంది. నల్లి బొక్కని ఇవ్వదు కదా! నా మటుకు నాకు అది స్కిట్లు చేసిన చెయ్యి అనిపిస్తుంది. చావింట్లో కూడా ఎవడో ఒకడు నవ్వు పుట్టించే మాట అంటాడని, చిన్న వస్తువు చుట్టూ పెద్ద గొడవ అల్లొచ్చని, ఏ మాట దగ్గర ఆగాలో అని... ఇవన్నీ ఎదురుగా జనాన్ని పెట్టుకుని నవ్వించినవాడికే బాగా తెలుస్తాయి. తేడా ఒక్కటే. స్కిట్‌లో పల్లెటూరివాడు నవ్వులపాలవుతాడు, బలగంలో వాడే నవ్వుతాడు.

అందరి దారీ ఇదే కావాలని కాదు. సుధీర్ హీరో అయ్యి 2022లో 'గాలోడు'తో హిట్టు కొట్టాడు. మా జాతివాడే, సాఫ్ట్‌వేర్ ఉద్యోగం వదిలొచ్చిన హైపర్ ఆది పంచులు రాసే టీము లీడరయ్యాడు. ఎవరి కష్టం వాళ్ళది. కానీ పేరు తెచ్చిన చోట హాయిగా కూర్చోకుండా, తన ఊరి మాటని కామెడీ బిట్టుగా కాకుండా పూర్తి కథగా చెప్పింది మాత్రం వేణు.

సిరిసిల్ల యాసలో తీసిన సినిమా మా ఊరివాళ్ళకి ఒక్క ముక్క వదలకుండా అర్థమైంది. కాకి కోసం ఎదురుచూడటం మాకూ తెలుసు కదా. మరి మా చెనిక్కాయ చేల కథ, నీళ్ళు పడని బోరు చుట్టూ అన్నదమ్ముల కథ ఎవరు తీస్తారు? అనంతపురం నుంచి ఏ స్కిట్లలోనో చిన్న వేషాలు వేస్తున్న తమ్ముడెవరైనా ఇది చదువుతుంటే, నీ మొదటి టికెట్టు నేనే కొంటానబ్బా. రాయడం మొదలుపెట్టు.