అయ్యవార్లు రాసిన అడవి

22 జూన్ 2024, కడప

'కొండపొలం' నవల రెండోసారి చదవడం పూర్తయింది. 2019లో తానా నవలల పోటీలో బహుమతి వచ్చిన కొత్తల్లో కథ కోసం ఒక్క బిగిన చదివేశాను. ఈసారి నిదానంగా చదివాను. రచయిత సన్నపురెడ్డి వెంకటరామిరెడ్డి గారిది మన జిల్లాలోనే కలసపాడు మండలం బాలరాజుపల్లె. వానలు లేక, చెరువులెండి, బీళ్లలో గడ్డిపోచ కూడా కరువైనప్పుడు గొర్ల కాపరులు మందల్ని నల్లమలకు తోలుకుపోతారు. వారాల తరబడి తిండీ నిద్రా అక్కడే. బీటెక్ చదివినా ఉద్యోగం దొరకని రవి, తండ్రి వెంట ఆ అడవికి పోతాడు.

కరువు మీద మన సీమలో కథలకు కొదవ లేదు. వాటిలో చాలా మటుకు ఎండిన చేను దగ్గరో, నీళ్లు పడని బోరు దగ్గరో నడుస్తాయి. ఈయన కరువును జీవాల వెంట కొండెక్కించాడు. మందను బతికించుకోవడానికి మనిషి పులి ఉన్న చోటికైనా పోతాడని చూపించాడు. ఆయన గొప్పతనం నాకు అక్కడే కనబడుతుంది. ఈ నవల ఆధారంగా క్రిష్ తీసిన సినిమా 2021లో వచ్చింది. అది చూసి కథ తెలుసులే అనుకునేవాళ్లు పుస్తకం తప్పక చదవాలి. కాపరి బతుకు అందులోనే నిండుగా ఉంది.

25 జూన్

ఎనిమిదో తరగతికి 'కొండపొలం' నుంచి రెండు పుటలు చదివి వినిపించాను. వెనక బెంచీలో ఒక పిల్లోడు ఎప్పుడూ నోరు తెరవడు. వాళ్ల నాయనకు గొర్లున్నాయి. ఈరోజు వాడే లేచి, "బెదిరితే గొర్లన్నీ ఒకచోటికి ముడుచుకుంటాయి సార్, తలకాయలు లోపలికి పెట్టుకుంటాయి" అన్నాడు. తరగతంతా వాడి వైపు తిరిగింది. గంట కొట్టినాక కూడా "తర్వాత ఏమైంది సార్?" అంటూ పిల్లలు నన్ను వదల్లేదు. ఆ నవల పెద్దలది, లావుపాటిది. ఎనిమిదో తరగతి పిల్లలు సొంతంగా చదువుకోలేరు.

30 జూన్, ప్రొద్దుటూరు

పెండ్లికి వచ్చాను. ఈ ఊర్లోనే డి.కె. చదువుల బాబు గారున్నారు. ఆయన పిల్లల కథల పుస్తకం 'వజ్రాల వాన'కు 2023లో కేంద్ర సాహిత్య అకాడెమీ బాల సాహిత్య పురస్కారం వచ్చింది. అదే ఏడు యువ పురస్కారం పులివెందుల తక్కెడశిల జానీకి దక్కింది. ఒకే ఏడాది రెండూ కడప జిల్లాకే!

ఆ బాల పురస్కారం మొదలైన 2010లో తెలుగులో అందుకున్నది కూడా సీమ రచయితే. ఉమ్మడి చిత్తూరు జిల్లా పాకాలకు చెందిన కలువకొలను సదానంద, 'అడవితల్లి' అనే పిల్లల నవలకు. పెద్దలకు నవలలు రాసిన చేత్తోనే పిల్లలకూ రాశారు. 2020లో పోయారు. సదానంద, సన్నపురెడ్డి, చదువుల బాబు ముగ్గురూ అయ్యవార్లే. రోజూ పిల్లల ముందు నిలబడి చదువు చెప్పినవాళ్లు.

3 జూలై

ఎనిమిదో తరగతి ఇంకా అడుగుతూనే ఉంది. మంద, అడవి, పులి, తండ్రీ కొడుకులు: పిల్లల నవలకు కావలసినవన్నీ 'కొండపొలం'లో ఉన్నాయి. వందో నూటిరవయ్యో పుటల్లో, పెద్ద అక్షరాలతో, బొమ్మలతో అది పిల్లలకు రావాలి. సన్నపురెడ్డి గారే రాయాలి.

ఈ మాటే ఆయనకు జాబు రాస్తున్నాను.